వాగుడుకాయ మూడో ట్రిప్పు

ఫిబ్రవరి పదకొండున రాత్రి వాళ్లిద్దరూ తిన్నది ఒక పక్క మాడిన రొట్టె, ఉడికీ ఉడకని గుడ్లు, మధ్యాహ్నం మిగిలితే నీళ్లు పోసి పెంచిన సూపు. తేదీ ఎందుకు గుర్తుందంటే, కూతురు గైడు పనికి యాత్రల ఆఫీసులో చేరింది ఆ రోజే. తిండి ఎందుకు గుర్తుందంటే, గుడ్డు పగలగొట్టగానే పచ్చసొన పళ్లెమంతా పారుతుంటే కూతురు దానికేసి కాసేపు చూసి, "నాన్నా, ఇది గుడ్డు కాదు, గుడ్డు అవుదామనుకున్నది" అన్నందుకు. తల్లి పోయాక ఎనిమిది నెలలకి ఆ పిల్ల నోట్లోంచి వచ్చిన మొదటి వేళాకోళం అది. అలాంటి మాట ఇంకొకటి వస్తుందంటే ఆయన ఏడాది పొడుగునా గుడ్లు అలాగే ఉడకబెట్టడానికి సిద్ధం. ఆ రాత్రే పళ్లాలు పక్కకి నెట్టి, యాత్రల ఆఫీసువాళ్లు ఇచ్చిన ఈ ఊరి పటాన్ని భోజనాల బల్ల మీద పరిచారు. అప్పటికి వాళ్లకి ఈ ఊరంటే కొన్ని గళ్లు, కొన్ని గీతలు, మధ్యలో వంకర తిరిగిన నీలిరంగు నది. ఏడు వందల ఏళ్లుగా మనుషులు చదువుకుంటున్న ఊరు అరబల్ల మీద సరిపోయింది, మిగతా అరబల్ల మీద రొట్టె ముక్కలున్నాయి. ఇప్పుడు అదే ఊళ్లో, ఒక కళాశాల లోపలి వాకిట్లో, రాతిబెంచీ మీద ఆయన ఒక్కడే కూర్చుని ఉన్నాడు. గళ్లకి గోడలు మొలిచాయి. గీతలు నిజంగానే వీధులు.

ఎదురుగా గ్రంథాలయం తలుపు. ఏనుగు పట్టేంత పెద్ద చెక్కతలుపు, అందులో మనిషి వంగి దూరేంత చిన్న తలుపు. బస్సులో వచ్చినవాళ్లంతా ఒక్కొక్కరే తలలు వంచుకుని దాంట్లోంచి లోపలికి పోయారు. చివర నిలబడి, తలలు లెక్కపెడుతున్నది ఆయన కూతురే. ఆయన దగ్గరికి వచ్చేసరికి, కాళ్లు లాగుతున్నాయండీ, మీరు వెళ్లి రండి, నేనిక్కడ కూర్చుంటాను అన్నాడు. ఆ పిల్ల ఒక్క క్షణం ఆయన మొహంలోకి చూసి, "సరే సార్, గంటలో వచ్చేస్తాం, ఇక్కణ్ణించి కదలకండి" అంది. సార్. ఆఫీసువాళ్లు కుట్టించిన నీలిరంగు కోటు భుజాల దగ్గర కాస్త వదులు, మెడలో గుర్తింపు కార్డు తిరగబడి వెనకవైపు చూపిస్తోంది, సరిచేద్దామని ఆయన చెయ్యి లేవబోయి ఆగింది. ప్రయాణికుడు గైడు మెడలో కార్డు సరిచెయ్యడు. ఒప్పందం అలాంటిది. నువ్వు రావద్దంటే రావద్దంది ముందు. రెండు రోజులు బతిమాలించుకుని, టిక్కెట్టు కొనుక్కుని ఎక్కమంది. "ఎక్కితే నువ్వు ప్రయాణికుడివి, నాన్నవి కాదు. నా వంక చూసి నవ్వకూడదు, నీళ్లు తాగమనకూడదు, నేను ఎవరో నీకు తెలియదు." సరే అన్నాడు. ఒప్పుకోవడానికి ఏముంది, ఇద్దరు ముక్కూ మొహం తెలియనివాళ్లు ఒకే టీ ఫ్లాస్కు మూత అటూ ఇటూ మార్చుకుంటూ పొద్దున్నే బస్సు డిపోకి నడిచారు.

ఇది మూడో ట్రిప్పు. కొత్త గైడుని మూడు ట్రిప్పులు చూస్తారు. మొదటిది రేవు, రెండోది కోట, ఆ రెండూ చిన్నవి, గంటన్నరలో అయిపోయాయి. మూడోది ఇది, అన్నిటికన్నా కష్టమైనది. ముందు సీట్లో ఆ ఆఫీసు పెద్ద గైడమ్మ కూర్చుని చూస్తుంది. నెరిసిన జుట్టు, ఒళ్లో చేతులు, రాసుకోవడం లేదు, నవ్వడం లేదు. సాయంత్రం బస్సు దిగాక, ఉద్యోగం ఖాయమో కాదో ఆవిడే చెబుతుంది. కాదంటే ఏమవుతుంది? ఆకలితో పోయేదేమీ లేదు, ఆయన పింఛను ఇద్దరికీ సరిపోతుంది, సూపులో నీళ్లు పోసుకోవచ్చు. కానీ ఆ పిల్ల మళ్లీ ఆ కిటికీ దగ్గర కుర్చీలో కూర్చుంటుంది. పొద్దున కూర్చున్నది చీకటి పడ్డాక కూడా లైటు వెయ్యకుండా కూర్చునే ఆ కుర్చీలో. వాళ్లమ్మ దానికి వాగుడుకాయ అని పేరు పెట్టింది, మాటలు వచ్చిన నాటినుంచి నిద్రలో తప్ప నోరు మూసింది లేదు. బళ్లో టీచరైంది, నలభై మంది పిల్లల గోలమీద దాని గొంతు వినపడేది. తల్లి పోయిన నెలకి ఒకరోజు పాఠం మధ్యలో గొంతు సన్నగిల్లి ఆగిపోయింది, పిల్లలు గోల మానేసి చూస్తూ కూర్చున్నారట. ఇంటికొచ్చేసింది. గొంతు డాక్టరు అద్దం పెట్టి చూసి, అన్నీ బాగానే ఉన్నాయి అన్నాడు. బాగానే ఉన్నవి ఎందుకు పలకవో ఆ అద్దంలో కనపడదు.

బెంచీ సగం ఎండలో, సగం నీడలో ఉంది. ఎవరో కుర్రాడు, పుస్తకాల సంచీ పెట్టుకుని కూర్చున్నవాడు ఆయన రావడం చూసి, అడగకుండానే ఎండ ఉన్న వైపు ఖాళీ చేసి లేచిపోయాడు. మెట్లన్నీ మధ్యలో పళ్లెంలా అరిగి ఉన్నాయి. ఎంతమంది పరీక్షకి పరిగెత్తి ఉంటారో, ఎంతమంది పరీక్ష పోయి కాళ్లీడ్చుకుంటూ దిగి ఉంటారో, రాయికి ఇద్దరూ ఒకటే. గోడ మీద పావురం ఒకటి ఇటు రెండడుగులు అటు రెండడుగులు వేస్తోంది, ఆపరేషను గది బయట భర్తలాగా. ఆయన కూడా లేచి నాలుగడుగులు వేశాడు. మళ్లీ కూర్చున్నాడు. ఆ గోడ వెనక ఏం జరుగుతోంది? ఇంత మందపు గోడలు ఎందుకు కట్టారో, చదువు బయటికి పారిపోతుందనా?

తప్పు తనది. ఊళ్లోకి బస్సు తిరగగానే కూతురు మైకు పట్టుకుని లేచి నిలబడి, మీ ఎడమవైపు చూడండి, ఇది ఈ ఊళ్లో అన్నిటికన్నా పాత పరీక్షల భవనం అంది. బస్సంతా ఎడమవైపు తిరిగింది. ఎడమవైపు ఉన్నది చెప్పుల కొట్టు. కొట్టువాడు గుమ్మంలో నిలబడి ఆవలిస్తున్నాడు, ఇంతమంది అద్దాల్లోంచి తనని భక్తిగా చూస్తుంటే ఆవలింత సగంలో ఆపేశాడు. వెనకసీట్లో ఎవరో కిసుక్కుమన్నారు. ఒకసారైతే పోనీలే అనుకోవచ్చు. కుడివైపు గంటల గోపురం అంటే కుడివైపు పెట్రోలు బంకు. ఎడమవైపు రాజుగారు చదువుకున్న కళాశాల అంటే ఎడమవైపు ఖాళీ జాగా, దాంట్లో ఒక మేక. ఈసారి బస్సు బస్సంతా నవ్వింది, మేక కూడా తలెత్తి చూసింది. అప్పుడు ఆయనకి తట్టింది. ఆ కుడి ఎడమలు రాసింది తనే. బల్ల మీద పటం పరుచుకుని, ఎర్ర పెన్సిలు పట్టుకుని, బస్సు వెళ్లే దారి వెంట ఒక్కొక్క భవనానికీ పక్కన రాసిచ్చింది తనే.

ముప్ఫై మూడేళ్లు ఆసుపత్రిలో ఎక్స్‌రేలు తీసినవాడు ఆయన. వెలుగుపెట్టె మీద పెట్టిన ఫిల్ములో, చూసేవాడికి ఎడమపక్క కనపడేది రోగి కుడి ఊపిరితిత్తి. మనిషి మనకి ఎదురుగా నిలబడి ఉంటాడు కాబట్టి ఎప్పుడూ అతనివైపు నుంచి చెప్పాలి. ఉద్యోగంలో చేరిన మొదటి వారంలో నేర్పే సంగతి ఇది. కుడి ఎడమలు తెలిపే సీసపు అక్షరాలు ఫిల్ము అంచున పెట్టకుండా ఆయన ఏనాడూ మీట నొక్కలేదు, ఒక్కనాడు కూడా ఒక కాలికి బదులు ఇంకో కాలికి కట్టు పడనివ్వలేదు. ఆ చెయ్యి, ఆ కన్ను, పటం మీద కూడా అలాగే పోయాయి. ఊరు తనకి ఎదురుగా ఊపిరి బిగబట్టి నిలబడ్డట్టు, దాని కుడి ఏదో దాని ఎడమ ఏదో రాసుకుంటూ పోయాడు. పటం మనిషి కాదని, అది ఎవరికీ ఎదురుగా నిలబడదని తోచలేదు. ఆ పిల్ల తండ్రి రాసినది కదా అని మారు చూడకుండా బట్టీ పట్టింది. ప్రతి రాత్రీ వంటింట్లో కుర్చీలు వరసగా వేసి ఆయన బస్సై కూర్చునేవాడు, అది చీపురుకర్ర పట్టుకుని మాట్లాడేది. ఇంట గెలిచి రచ్చ గెలవమన్నారు పెద్దలు. ఇంట్లో గెలిచినదే తప్పుడు లెక్కయితే రచ్చలో ఏం చెయ్యాలో ఏ పెద్దా చెప్పిపోలేదు.

దానికితోడు పక్కసీటావిడ. బట్టల లాండ్రీ నడుపుకునే మనిషట, మొగుడికి దుకాణం అప్పజెప్పి పెళ్లయ్యాక మొదటిసారి ఒక్కతే బయల్దేరిందట, డబ్బాలోంచి నారింజ తొనలు తీసి ఆయన చేతిలో పెడుతూనే ఉంది. మంచి మనిషే, అదే చిక్కు. ఈ పిల్ల గొంతుకన్నా దోమ నయం అన్నయ్యగారూ, దోమైతే చెవి దగ్గరికొచ్చి చెబుతుంది, అంది. ఎవరి పిల్లో పాపం, కన్నవాళ్లు చూస్తే ఏమైపోతారో అంది. గుమ్మడికాయల దొంగంటే భుజాలు తడుముకున్నట్టు ఆయన తొనలో గింజ కోసం వెతుక్కున్నాడు. మీకేమైనా వినపడుతోందా అని అడిగింది. వినపడుతోందమ్మా, అన్నీ వినపడుతున్నాయి అన్నాడు. మీ చెవులు పెట్టిపుట్టాయి అంది.

నిజానికి ఆయనకి వినపడనక్కర్లేదు. మొత్తం ఆయనకీ కంఠతా వచ్చు. అసలు పిడుగు అక్కడే పడింది. మేక నవ్వు తర్వాత, పిల్ల మాట తడబడి ఆగినప్పుడు, దాని కళ్లు బస్సులో ఎక్కడెక్కడో వెతికి ఆయన మొహం మీదికి వచ్చి, కిందికి జారి, ఆయన పెదవుల దగ్గర నిలిచిపోయాయి. అప్పుడు తెలిసింది ఆయనకి, తన పెదవులు కదులుతున్నాయని. ఎంతసేపట్నుంచో కదులుతున్నాయి. దానికన్నా అరమాట ముందు పోతున్నాయి. దాని మొహం కాగితంలా తెల్లబోయింది. ఎప్పుడో, ఆరేళ్ల పిల్ల బడి వార్షికోత్సవంలో స్టేజి మీద పద్యం చదువుతుంటే, పక్కనే కూర్చున్న భార్య ఆయన తొడ మీద గిల్లింది. చర్మం మెలిపెట్టి మరీ గిల్లింది. నోరు మూసుకోండి, అది పద్యం చదవడం మానేసి మీ నోరు చదువుతోంది అంది. ఆయన రెండు పెదవులూ పళ్ల కింద బిగించాడు, స్టేజి మీద పిల్ల గొంతు లేచింది. ఆ గిల్లు నాలుగురోజులు నీలంగా ఉంది. ఇవాళ ఆ పక్క సీట్లో నారింజలు ఉన్నాయి, గిల్లే చెయ్యి లేదు.

అందుకని కాళ్లు లాగుతున్నాయన్నాడు. కాళ్లు బంగారంలా ఉన్నాయి, ఊరు నాలుగు చుట్లు చుట్టి రమ్మన్నా వస్తాయి. గోపురం గడియారం ఎక్కడో పావుగంట కొట్టింది. దానికి జవాబుగా ఇంకో గోపురం కొట్టింది, కాస్త ఆలస్యంగా, తనకి తెలియదనుకుంటారేమోనని. అప్పుడే గోడ వెనకనుంచి, పై కిటికీలోంచి కావచ్చు, నవ్వు వినిపించింది. ఒకరిద్దరిది కాదు, గుంపుది. ఆయన నిటారుగా అయిపోయాడు. ఏ రకం నవ్వు? నవ్వుల్లో చాలా రకాలుంటాయి. కలిసి నవ్వేది ఒకటి, ఒకరిని నిలబెట్టి నవ్వేది ఒకటి. మందపు గోడ దాటి వచ్చేసరికి రెండూ ఒకేలా ఉంటాయి, ఫిల్ము మీద మచ్చలాగా, అది పాత గాయమో కొత్త జబ్బో మచ్చ చెప్పదు. గ్రంథాలయంలో ఎడమ కుడి ఏమేం రాశాడు తను? గొలుసులు కట్టిన పుస్తకాలు కుడివైపు. అంటే ఎడమవైపు. కవి కూర్చున్న బల్ల ఎడమవైపు. అంటే కుడివైపు. పోయి చెప్పాలి. అన్నీ తిరగెయ్యి తల్లీ, నేను రాసినవన్నీ తిరగేసి చెప్పు అని ఒక్కమాట చెవిలో వేసి వస్తే చాలు. ఎప్పుడు లేచాడో, ఎప్పుడు వాకిలి దాటాడో, చిన్నతలుపుకున్న ఇనపకడియం చేతిలో ఉంది. చల్లగా, బరువుగా ఉంది, ఏడు వందల ఏళ్ల చేతులు అరగదీసినా బరువు పోలేదు.

మీట నొక్కేముందు ఆయన ఎప్పుడూ గదిలోంచి బయటికి వచ్చేసేవాడు. రోగిని బల్ల మీద పడుకోబెట్టి, దిండు సర్ది, భుజం తిప్పి, బల్ల చల్లగా ఉన్నందుకు క్షమించమని చెప్పి, సీసపు గోడ వెనక్కి వచ్చి నిలబడేవాడు. చిన్న అద్దంలోంచి చూసేవాడు. ఊపిరి పీల్చండి, బిగబట్టండి, కదలకండి అనేవాడు. ఆ కొద్ది క్షణాలు ఆ గదిలో ఆ మనిషి ఒంటరి. తల్లులు పిల్లల చెయ్యి వదలం అని ఏడిస్తే, అమ్మా, మీరు లోపలుంటే బొమ్మలో మీ ఎముకలూ పడతాయి, పిల్లవాడివేవో మీవేవో తెలియదు అని చెప్పి పంపించేవాడు. సొంత భార్యని కూడా అలాగే ఒంటరిగా నిలబెట్టాడు. ఊపిరి బిగబట్టు అన్నాడు, బిగబట్టింది. ఇక వదులు అని చెప్పడం ఆ ఒక్కసారి మరిచిపోయాడు, అంతకుముందే తీసి కడిగిన ఫిల్ములో నీడ మీద కళ్లు పడి. అద్దం అవతల ఆవిడ బుగ్గలు పూరించుకుని అలాగే నిలబడి, వదలమంటారా వద్దా అన్నట్టు కనుబొమలెగరేసింది. ఇనపకడియం ఆయన అరచేతిలో వేడెక్కింది. వదిలాడు. తిరిగి నడిచి వచ్చి బెంచీ మీద కూర్చున్నాడు. ఎండ ఈలోగా ఒక జానెడు జరిగింది, ఆయన కూడా దానితోపాటు జరిగాడు.

తలుపు కిర్రుమంది. వచ్చింది లాండ్రీ ఆవిడ, ఒక్కతే, నడుం పట్టుకుని. లోపల మెట్లు గోడకి నిచ్చెన వేసినట్టున్నాయి అన్నయ్యగారూ, నా మోకాళ్లు మొరాయించాయి, అంటూ వచ్చి పక్కన కూలబడింది. డబ్బా తీసింది. ఆయన అడగకూడదనుకున్నాడు. తొన నోట్లో వేసుకున్నాడు, నమిలాడు, మింగాడు, ఇంకా నములుతూనే ఉన్నాడు.

"లోపల ఎలా ఉందమ్మా?" అన్నాడు చివరికి.

"ఏది, పుస్తకాలా?"

"పుస్తకాలే. అవీ, ఇవీ. గైడు ఏమైనా చెబుతోందా?"

"చెప్పడమేమిటి, పొద్దున బస్సులో నూతిలోంచి మాట్లాడిన పిల్లేనా అని నాకే అనుమానం వచ్చింది. లోపలికెళ్లగానే నిలబడి, ఏమండీ, పొద్దుట్నుంచి మీకు చెప్పుల కొట్టూ మేకా చూపించాను, మేకకి ఇంకా డిగ్రీ రాలేదు, వచ్చే ఏడు వస్తుంది, ఇక్కణ్ణించి కుడి లేదు ఎడమ లేదు, నా వేలు ఎటుంటే అటు చూడండి అంది. ఘొల్లుమన్నారందరూ. ముందుసీటు ముసలమ్మ ఉందే, ఉలకదు పలకదు, ఆవిడ కూడా నవ్వింది. పళ్లు కనపడ్డాయి."

"పళ్లు కనపడ్డాయా?"

"ఒట్టు. తర్వాత ఇంక ఆగితేనా. ఆ పుస్తకాలకి గొలుసులెందుకు కట్టారో, ఎవడో ఒక కుర్రాడు పుస్తకం వదల్లేక గొలుసు పక్కనే పడుకున్నాడట, అవన్నీ చెప్పింది. కాగితంలో ఉన్నవి కాదు, తనే చెప్పింది. వాగుడుకాయనుకోండి."

ఆయన తల వంచుకున్నాడు. గొలుసు పక్కన పడుకున్న కుర్రాడు ఆఫీసు కాగితాల్లో లేడు, ఎర్ర పెన్సిల్లో లేడు, పటంలో లేడు. ఆ కుర్రాడెక్కడివాడో ఆయనకి తెలియదు. ఆ పిల్ల చెబుతున్న మాటల్లో తనకి తెలియని మాట ఒకటి ఉండటం ఎంత హాయిగా ఉందో చెప్పడానికి పక్కన ఈవిడ తప్ప ఎవరూ లేరు.

"మీరిక్కడ ఒంటిగా ఏం చేస్తారు, మెల్లగా లోపలికి వెళ్లండి, నేను మీ సంచీ చూస్తాలెండి" అంది ఆవిడ.

"వద్దమ్మా. నేను ఆ పిల్ల నాన్నని."

లాండ్రీ ఆవిడ చేతిలో తొన నోటిదాకా వెళ్లి ఆగింది. పావురం కూడా ఆగినట్టే అనిపించింది ఆయనకి. ఆవిడ డబ్బా మూత పెట్టింది, మళ్లీ తీసింది.

"మరి పొద్దుట్నుంచి నన్నెందుకు వాగనిచ్చారు?"

"ప్రయాణికుణ్ణని ఒప్పుకుని ఎక్కానమ్మా."

"దోమ అన్నాను కదా నేను."

"దోమ చెవి దగ్గరికొచ్చి చెబుతుందన్నారు. అది నిజమే."

ఆవిడకి నవ్వొచ్చింది, కళ్లల్లో నీళ్లు కూడా వచ్చాయి, రెండిట్లో ఏది ముందో ఆవిడకే తెలియనట్టు కొంగుతో మొహమంతా ఒకేసారి తుడుచుకుంది. తర్వాత డబ్బాలో మిగిలినవన్నీ ఆయన ఒళ్లో పోసింది. అలా పక్కపక్కన కూర్చున్నారు. గుంపు బయటికి వచ్చింది, ఒక్కొక్కరే తలలు వంచుకుని, వెలుగులోకి రాగానే కళ్లు చికిలించి, ఇంకా ఏవో మాట్లాడుకుంటూ. అందరికన్నా చివర వచ్చింది కూతురు. మాట్లాడుతూనే వచ్చింది. పెద్ద గైడమ్మ పక్కన నడుస్తోంది. ఆయన బెంచీ మీదనుంచి చూశాడు, పెదవులు రెండూ పళ్ల కింద పెట్టుకుని చూశాడు.

తిరుగు ప్రయాణంలో ఆయన కిటికీ వైపు జరిగి కూర్చుని వెనక్కి పోతున్న ఊరిని చూస్తూ ఉండిపోయాడు. ఆ మైకులోంచి ఏం వచ్చిందో సగం విన్నాడు, సగం వినలేదు. డిపోలో దిగాక, పెద్ద గైడమ్మ దాన్ని ఆఫీసు గదిలోకి తీసుకెళ్లింది. ఆయన వీధి దీపం కింద నిలబడ్డాడు, ఎవరికీ ఏమీ కానివాడిలా. కూతురు బయటికి వచ్చి, చుట్టూ చూసి, ప్రయాణికులంతా వెళ్లిపోయారని నిర్ధారించుకుని అప్పుడు దగ్గరికొచ్చింది. సోమవారం నుంచి ఖాయమట. రేవూ కోటా కాదు, దూరపు యాత్రలు, రెండ్రోజులవి, మూడ్రోజులవి, బయటే బస. ఈ సంగతి చెప్పేటప్పుడు ఆయన మొహం చూడలేదు, కోటు బొత్తాం చూసుకుంటూ చెప్పింది. మంచిదేగా అన్నాడాయన. తర్వాత ఇల్లు చేరేదాకా ఏమీ మాట్లాడుకోలేదు, కానీ ఆ మౌనం కిటికీ దగ్గర కుర్చీలోది కాదు, అలిసిపోయినవాళ్లది.

అన్నం తినబుద్ధి కాలేదు ఇద్దరికీ. పాలు కాచుకుని తాగారు. గ్లాసు కడుగుతూ, వీపు ఇటు పెట్టి అడిగింది.

"కాళ్లు నిజంగా నొప్పా?"

"కొంచెం."

"అబద్ధం."

"అబద్ధమే" అన్నాడు.

నీళ్లు ఆపింది. గ్లాసు బోర్లించింది. "ఎడమ కుడి తప్పని తెలిశాక ముందు నీ మీద చచ్చేంత కోపమొచ్చింది నాన్నా. తర్వాత చూస్తే బెంచీ మీద నువ్వొక్కడివీ ఉండిపోయావు. ఇంక ఎవరి నోరూ చూసి చదవడానికి లేదు" అంది. తడిచేతులు కోటుకే తుడుచుకుంటూ వెళ్లిపోయింది.

ఆయన వంటింట్లో లైటు ఆర్పి నడవలోకి వచ్చాడు. తల్లి పోయినప్పట్నుంచీ ఆ పిల్ల గది తలుపు రాత్రంతా బార్లా తెరిచే ఉండేది, ఆయన గదిదీ అంతే. ఒకరు ఊపిరి తీస్తున్నట్టు ఇంకొకరికి వినపడాలని ఎవరూ ఎవరితో అనుకోని ఏర్పాటు అది. దగ్గు వచ్చినా, పక్క మార్చినా, రెండో గదిలో మేలుకునేవారు. ఆయన తన మంచం మీద కూర్చుని వాచీ విప్పుతున్నాడు. అవతల పాదాలు గచ్చు మీద నడిచిన చప్పుడు, ఆ గదిలో లైటు ఆరింది. తన గుమ్మం దగ్గరికొచ్చి ఒక్క క్షణం నిలబడింది, ఆయనకి చీకట్లో ఆకారం మాత్రం కనిపించింది. పిడి తిప్పి పట్టుకుని, గడియ చప్పుడు కాకుండా, తలుపు మెల్లగా మూసుకుంది.